యార్దా అంకుల్‌కి నేను కొట్టిన చప్పట్లు

పోయిన శనివారం నేను చేసిన ఘనకార్యం వింటే నాకు ఇంకో కప్పు టీ కూడా పోయరు మీరు. సరే, చెప్తాను.

మా పక్కింటి యార్దా అంకుల్‌ని చూశారుగా? ప్రాగ్ నుంచి వచ్చి, ఇక్కడ ఫార్మింగ్టన్ హిల్స్‌లో సెటిలైన పెద్దాయన. ఆంటీ పోయాక ఒక్కడే ఉంటున్నాడు. ప్రాగ్‌లో ఉన్నన్నాళ్లూ నాటకాల్లో, సినిమాల్లో వేషాలే. హీరో కాదు. పోలీసు, హోటల్ ఓనరు, తాగుబోతు డాక్టరు, ఇలాంటివే. "ఇంటర్వెల్ దాకా బతికిన వేషం ఒక్కటీ లేదు నాకు" అంటాడు. కత్తిపోటుకి ఒకలా పడతాడు, తూటాకి ఇంకోలా. నేను కనపడితే చాలు, లాన్‌లో డెమో!

"ముందు మోకాలు, తర్వాత భుజం. కళ్లు మాత్రం వెంటనే మూయకూడదమ్మాయ్!"

ఆ రోజు పొద్దున డ్రైవ్‌వేలో స్నో తీస్తున్నాను. ఆయన మెయిల్‌బాక్స్ దగ్గర నిలబడి, ఛాతీ పట్టుకుని, మెల్లగా ఒరిగిపోయాడు. అబ్బ, ఏం పడ్డాడండీ! గ్లవ్స్ తీసి మరీ చప్పట్లు కొట్టాను.

"సూపర్ అంకుల్! ఇది తూటానా, విషమా?"

లేవలేదు. ఎంత డెడికేషనో అనుకున్నాను. "వన్స్ మోర్!" అని కూడా అరిచాను. ఛీ!

ముఖం మంచులోనే ఉండిపోయింది. అప్పుడు వెలిగింది నాకు. పరిగెత్తి వెల్లకిలా తిప్పితే పెదాలు నీలం. 911కి ఫోన్ చేశాను. స్పీకర్‌లో 911 ఆవిడ ఎలా చెయ్యాలో చెప్తుంటే ఏడుస్తూ ఛాతీ మీద నొక్కుతూనే ఉన్నాను, అంబులెన్స్ వాళ్లొచ్చి నన్ను పక్కకి లాగేదాకా.

బతికాడు. కానీ గుండె బాగా దెబ్బతింది. ఇక ఇంట్లో ఒంటరిగా ఉండటం కుదరదన్నారు, నర్సింగ్ హోమ్‌కే వెళ్లాలట. పక్కటెముకలు కూడా విరిగాయి. అవి నా పుణ్యమే.

నిన్న హాస్పిటల్‌కి చూడ్డానికి వెళ్తే గుమ్మంలోనే నర్స్ ఆపేసింది.

"ఫ్యామిలీకి మాత్రమే పర్మిషన్. ఆయనకి మీరేమవుతారు?"

లోపల మంచం మీంచి పీలగా ఆయన గొంతు.

"రానివ్వండి. ఆడియన్స్."

నర్స్ పక్కకి తప్పుకుంది. తల దించుకుని వెళ్లి కుర్చీలో కూర్చున్నాను, చేతులు రెండూ తొడల కింద పెట్టుకుని.