గంట కొట్టాక పాఠం

సోషియాలజీ మాస్టారు చొక్కా చేతులు మడిచి, బల్ల గుద్ది మరీ చెబుతాడు, యజమాని జీతమివ్వకుండా లాక్కునే అదనపు శ్రమ గురించి. గంట కొట్టినా ఆపడు. ఆ గది ఊడిస్తే గానీ ఇంటికెళ్లే వీల్లేని ఆయమ్మ గుమ్మం బయట చీపురు పట్టుకుని నిలబడుతుంది. ఆ నిలబడ్డందుకు ఆమెకెవరూ పైసా ఇవ్వరు. నిన్న ఉండబట్టలేక లోపలికి తొంగిచూసింది.

"సారూ, పిల్లల బడి మూసేస్తారు. మా పిల్ల ఒక్కతే మెట్ల మీద కూర్చుంటుంది."

"ఒక్క నిమిషమమ్మా, మీ గురించే చెబుతున్నా!"

"ఆయమ్మకీ హాజరు వేసెయ్యండి సార్!" అన్నాడు వెనక బెంచీవాడు. మాస్టారూ నవ్వాడు. ఆ నిమిషం అరగంటైంది.

ఇవాళ ఆయన నిన్నటి సంగతినే ఉదాహరణగా ఎత్తుకుని, ఆమె కాలాన్ని ఎవరెలా దోచుకుంటున్నారో బల్ల గుద్ది మరీ వివరిస్తున్నాడు. గంట ఎప్పుడో కొట్టేశారు. ఆయమ్మ గుమ్మం బయటే ఉంది. పిల్ల మెట్ల మీదే ఉంది.