పదికి రెండు

ఇరవై మూడేళ్లుగా ఒక అంకెను మోస్తున్నాను. పదికి రెండు. అది తప్పని వేసిన రోజే నాకు తెలుసు. ఎవరికీ చెప్పలేదు. మీకు చెబుతున్నాను.

నేను నర్సీపట్నంలో లెక్కల టీచరుగా పనిచేశాను. ఆ ఏడాది మా ఊరి కేబుల్ టీవీవాళ్లు కాలేజీ అమ్మాయిలకు అందాల పోటీ పెట్టారు. టీవీలో వచ్చే అందాల పోటీలు నాకు గిట్టేవి కావు. ఒళ్లు చూపించే తమాషా అనేదాన్ని. ఇది సంప్రదాయ పోటీ, చీరకట్టులోనే అన్నారు. న్యాయనిర్ణేతగా ఒప్పుకున్నాను. ముగ్గురం వేసిన మార్కులు కూడే పనీ నాదే. నా కూడికను ఎవరూ సరిచూడలేదు.

కొయ్యూరు కొండల నుంచి వచ్చి హాస్టల్లో చదువుకునే కాసులమ్మ, వాళ్లమ్మలాగే చీరను భుజం మీద ముడివేసి కట్టుకుని వచ్చింది. తడబడకుండా నడిచింది. కట్టుకు ఎనిమిది వేశాను. కూడితే ఆమే మొదటిది. అక్కడ ఆగాను. మా ఊరి అందమంటూ నెల రోజులు టీవీలో ఈ ముఖాన్నా చూపించేది? ఈ నలుపునా, ఈ ముడినా? పెన్సిల్ అంకెను చెరిపి రెండు వేశాను. ఒక్క మార్కుతో ఓడిపోయింది. గెలిచిన పిల్ల నాకు బంధువు కాదు. ఎవరి దగ్గరా ఏమీ పుచ్చుకోలేదు. పుచ్చుకుని ఉంటే, కనీసం అందుకే చేశానని చెప్పుకోగలిగేదాన్ని.

వేదిక మెట్ల దగ్గర కాసులమ్మ నన్ను ఆపింది.

"మా కొండోల్లకి ఇదే సంప్రదాయమండి, మేడమ్. మీకు నచ్చలేదేటండి?"

"నాకు నచ్చింది. ఆ ఇద్దరికే నచ్చలేదు."

"అలగైతే సరేనండి. మీకు నచ్చింది కదా, సాలు."

తర్వాత కాలేజీ వేడుకల్లో ఆమె అందరిలాగే కుచ్చిళ్లు పోసుకుని కనిపించింది. ఆ ముడిని మళ్లీ చూడలేదు.

మొన్న ఆదివారం టీవీలో పెద్ద అందాల పోటీ. తెల్లటి, పొడుగాటి అమ్మాయి ఒకతె అచ్చం అదే ముడితో నడిచింది. మన సంస్కృతి అన్నాడు వ్యాఖ్యాత. చప్పట్లు.

"ఎంత బాగుందో సూడు మామ్మా," అంది మనవరాలు.

నేను తలెత్తలేకపోయాను. తెల్లటి భుజం మీదికి ఎక్కాకనే కదా ఆ ముడి అందమైంది? నేను చెరిపింది ముడినా, దాన్ని కట్టుకున్న మనిషినా?

ఆ మార్కుల కాగితం నా దగ్గరే ఉంది. రెండు కింద ఎనిమిది ఇంకా లీలగా కనిపిస్తుంది. ఇవాళ మళ్లీ కూడి చూశాను. ఐదు మార్కుల తేడాతో కాసులమ్మ మొదటిది. ఆమె ఇప్పుడెక్కడుందో తెలియదు. తెలుసుకోవడానికి ఇన్నేళ్లలో ఒక్కసారీ ప్రయత్నించలేదు.

మొత్తాన్ని దిద్ది, కింద సంతకం చేశాను. ఈసారి పెన్నుతో.