అరుగు మీది భోజనం, ఆఖరి పెనాల్టీ

ఈ పొద్దు కార్వేటినగరంలో ఫుట్‌బాల్ మ్యాచికి రెఫరీగా పోయి, ఇప్పుడే రేణిగుంట చేరినాను. కడుపు మండిపోతా ఉండాది. అందుకే మన రెఫరీల క్లబ్బు బోర్డుకు ఈ కాగితం అంటిస్తా ఉండాను.

ఆడ హోటలు లేదు. రెఫరీకి మధ్యాన్నం భోజనం ఆ ఊరి జట్టు పెద్దమనిషి ఇంట్లోనే, అది వాడుక. ఎదురు ఆడేదానికి వచ్చిన చిత్తూరు జట్టోళ్ళను ఆయన లోపల కూసోబెట్టినాడు. నేను కిరస్తానీవాణ్ణని నాకు మాత్రం అరుగు మీద విస్తరి ఏసినారు. తిని, ఎంగిలాకు నేనే ఎత్తేసినాను. ఇరవై ఏండ్లుగా ఈల ఊదతా ఉండాను, ఇదేం కొత్త కాదు.

ఆట ముగిసేదానికి అయిదు నిమిషాలు ఉండంగా, ఆయన కొడుకు గోలు ముందర బంతిని చేత్తో ఆపినాడు. పెనాల్టీ ఇచ్చినాను. చిత్తూరు గెలిచింది.

పెద్దమనిషి మీదికొచ్చినాడు. "మా కూడు తిని మాకే ద్రోహం చేస్తివి గదరా!"

ఓడినోడి నోరు అట్లే ఉంటాదిలే అనుకున్నాను. బస్సు కాడ చిత్తూరు కెప్టెను నవ్వతా వచ్చి భుజం తట్టినాడు.

"అరుగు మీద కూసోబెట్టినదానికి బాగా కసి తీర్చుకుంటివప్పా!"

"బంతి చేతికి తగిలిందప్పా," అన్నాను.

"ఆ, మాకు తెలుసులే!" అని కన్ను కొట్టినాడు.

భుజం మీది ఆయన చెయ్యి తీసేసి బస్సెక్కినాను.

కింద చోటు ఇడిసినాను, మీకు తోచింది రాయండి. తగిలిందా లేదా అని ఆడ అంత మందిలో ఒక్కడు కూడా నన్ను అడగలేదు. మీలో ఎవరన్నా అడగతారేమో చూస్తా.