గేటు ఊపిన అక్క, ఊపమన్న నేను

మేడ్చల్ దాటాక ఉన్న ఓ మందుల కంపెనీ ముందు కార్మికులు సమ్మె టెంటు వేసిన తొమ్మిదో రోజున నేను కెమెరాతో దిగాను. సగం మంది నిద్రపోతున్నారు. మిగతా సగం పప్పులో ఉప్పు తక్కువైందా లేదా అని వాదించుకుంటున్నారు. పోరాటం ఇలా ఉంటుందని కాలేజీలో ఎవరూ చెప్పలేదు.

మాత్రల ప్యాకింగులో పద్నాలుగేళ్లు చేసిన అక్క ఒకామె మచ్చ బొల్లారం నుంచి వచ్చేది. ఆదివారం చర్చి అయ్యాక కూడా టెంటుకే. ఆ పూట మేనేజరు కారు లోపలికి పోతుంటే గేటు పట్టుకుని, "సార్, ఒక్క మాట," అంది. అంతే. నాకు ఫోకస్ కుదరలేదు.

"అక్కా, ఇంకోసారి. గేటు జర గట్టిగ ఊపు."

"ఏంది తమ్మీ, కారు పాయె, సారు పాయె. ఇగ ఎవల్ని జూసి ఊపాలె?"

"కెమెరాను."

"గట్లయితే పౌడరన్న రాసుకొస్తుంటి గద!"

టెంటంతా నవ్వింది. వాచ్‌మన్ కూడా నవ్వి, కెమెరాకు అడ్డం లేకుండా తనే పక్కకు జరిగాడు. ఆమె కొంగు దోపుకుని ఊపిన ఊపుకు గొళ్లెం ఊడి కింద పడింది. "ఇది సాలదా, ఇంక గావాల్నా?" అని నావైపు తిరిగి నవ్వింది.

మా మాటలు తీసేసి, ఆ నవ్వుకు ముందే కత్తిరించి నెట్‌లో పెట్టాను. మిగిలిన పన్నెండు సెకన్లు చూసి జనం నిజమైన కోపమంటే ఇదీ అన్నారు. నేను కాదనలేదు.

కంపెనీ కూడా అదే అంది. సమ్మె ముగిశాక అందరినీ పనిలోకి తీసుకుని, గేటు విరగ్గొట్టిందని ఆమె ఒక్కదాని మీద విచారణ పెట్టింది. సాక్ష్యం నా పన్నెండు సెకన్లే.

ఆమె ఫోన్ చేసింది. "తమ్మీ, నువ్వు ఊపుమన్నది, మేం నవ్వింది ఉంటది గద. అది సూపిస్తే నౌకరి నిలవడ్తదంట."

ఉంది. అందులో నా గొంతు శుభ్రంగా వినపడుతుంది. కానీ ఆ వారమే సమ్మె మీద తీసిన నా డాక్యుమెంటరీ ఒక పోటీకి ఎంపికైంది. దరఖాస్తులో "ఏదీ చెప్పి చేయించలేదు" అన్నచోట నేను టిక్కు పెట్టి ఉన్నాను.

"హార్డ్ డిస్క్ ఖరాబైందక్కా," అన్నాను.

"అయ్యో, గన్ని దినాలు ఎండల నిలవడి తీస్తివి, అంత పోయిందా? పరేషాన్ గాకు తమ్మీ. నీ కోసం ప్రార్థన జేస్త," అంది.

చేసే ఉంటుంది.

ఆమె ఉద్యోగం పోయింది. ఆ వీడియో ముక్క ఇంకా నా దగ్గరే ఉంది. రెండుసార్లు పంపబోయి ఆగాను. ఇప్పుడు పంపాలంటే, అప్పుడెందుకు పంపలేదో కూడా చెప్పాలి.