ఆల్విన్ పార్టీ మొదలైన సాయంత్రం

ఆల్విన్ హుకుంపేట సంతలో మైకు పట్టుకుని ఎదిగినవాడు. ఇంటర్ తప్పాక ఏ పనీ కుదరక, దోమతెరలు అమ్మేవాళ్ళ తరఫున కేకలు వేసేవాడు. కొనే ఉద్దేశం లేని ముసలివాళ్ళు కూడా వాడి మాటలకి నిలబడి నవ్వుకునేవారు. అరకు చూడవచ్చిన టీవీ ఛానెల్ పెద్దమనిషి ఒకాయన ఆ గొంతు విని వైజాగు తీసుకుపోయాడు. అప్పటినుంచీ ప్రతి శనివారం సాయంత్రం కాలేజీ పిల్లల్ని రంగు దీపాల కింద ఆడించి పాడించే పార్టీ కార్యక్రమానికి ఆల్వినే యాంకరు. “ఇప్పుడే, ఇక్కడే, మనతోనే!” అని చేతులెత్తి మొదలుపెట్టేవాడు.

ఊరంతా ఆ మాట నమ్మింది. తల్లి ఆనందమ్మ సంగతి చెప్పనే అక్కర్లేదు. టీవీలో వాడు “అందరూ తిన్నారేటి?” అంటే, పొయ్యి దగ్గరనుంచే “తిన్నాం నాయనా” అనేది.

“గట్టిగా అరువు అత్తా, వైజాగు దాకా ఇనబడద్దేటి?” అని పక్కింటి నాగలక్ష్మి వేళాకోళం చేసేది.

“నా కొడుక్కి ఇనబడతాదిలేవే. నీకేటి నొప్పి?”

ఆ శనివారం ఆల్విన్ ఇంట్లోనే ఉన్నాడు. మధ్యాహ్నం అన్నం తిని, పనుందని బండెక్కి వైజాగు బయల్దేరాడు. సాయంత్రం టీవీలో పార్టీ మొదలయ్యేసరికి పాస్టరు ప్రేమ్‌కుమార్ ఫోను చేత్తో పట్టుకుని గుమ్మంలో నిలబడ్డాడు. అనంతగిరి మలుపులో లారీ గుద్దిందని, ఆల్విన్ చనిపోయాడని పోలీసులు చెప్పారన్నాడు.

ఆనందమ్మకి నవ్వొచ్చింది. “ఏటయ్యగారూ, అలాగంటారు? అదిగో, ఆడతన్నాడు గదా ఆడు!”

“గంట కొట్టించాలమ్మా” అన్నాడాయన మెల్లిగా. ఆ ఊళ్ళో ఇంటివాళ్ళు సరే అంటేనే చావుకి చర్చి గంట కొడతారు. భర్త యేసురత్నం భార్య వైపు చూశాడు.

“బతికున్నోడికి గంటేటి? ఇంకెవులో అయ్యుంటారు. బేగి మళ్ళీ ఫోన్ సెయ్యండి.”

కొడుకుని చూపిద్దామని టీవీ దగ్గరికి వెళ్ళింది. ఆల్విన్ పాటకి తల విదిలించాడు. ఎర్రరంగు వేసిన జుట్టు భుజాల మీద ఎగిరింది.

ఆనందమ్మ చూపుడు వేలు గాలిలోనే ఆగిపోయింది. ఆ జుట్టు ఆ ఉదయమే తన చేత్తో కత్తిరించింది. ఎన్నాళ్ళో బతిమాలితే పెరట్లో పీట వేసుకుని కూర్చున్నాడు. “సెవులు కోసీకమ్మా” అని నవ్వాడు కూడా. తెగిన జుట్టంతా తనే ఊడ్చి పారబోసింది.

“ఇదెప్పటిది?” అంది. పాస్టరు వైపు తిరిగింది. “ఇదెప్పటిదో సెప్పండి అయ్యగారూ.”

“ముందే తీసి పెట్టుకుంటారమ్మా. తర్వాత వేస్తారు.”

ఏడుపు రాలేదు. యేసురత్నం టీవీ కట్టెయ్యబోతే చెయ్యి పట్టుకుని ఆపింది.

“గంట కొట్టించండి” అంది పాస్టరుతో. “ఇది మాత్రం అయిపోనీండి.”