సంతోషమ్మ సాక్ష్యం

మంగంపేట గనుల్లో ముగ్గురాళ్లు ఏరే సంతోషమ్మ మొదటిసారి పడిపోయింది పదహారో ఏట, చర్చిలో పాట మధ్యలో. కాళ్లూ చేతులూ కొట్టుకున్నాయి, నోట నురగ వచ్చింది. లేచాక ఆమెకేమీ గుర్తులేదు. పట్నంలో చూపిస్తే డాక్టరు చీటీ మీద హిస్టీరియా అని రాశాడు. పెళ్లి చేయండి, పోతుందన్నాడు.

యేసుప్రసాద్‌తో పెళ్లయింది. పోలేదు. బిడ్డ పుడితే పోతుందన్నారు. కూతురు జీవిత పుట్టింది. అయినా పోలేదు. ముప్పై నిండకముందే ఇంకో డాక్టరు గర్భసంచి తీసేస్తే సరిపోతుందన్నాడు. తీసేశారు. కుట్లు ఆరకముందే మళ్లీ పడింది.

ఆ తర్వాత జనం జాలిపడటమూ మానేశారు. పని ఎగ్గొట్టే నాటకమన్నారు. యేసుప్రసాద్ కూడా ఒకసారి ఆ మాట అననే అన్నాడు. ఆ మాట అననిది పక్కన రాళ్లు ఏరే సుబ్బక్క ఒక్కతే. సంతోషమ్మ పడినప్పుడల్లా పక్కకు తిప్పి పడుకోబెట్టి, తెలివొచ్చేదాకా ఎండ తగలకుండా కొంగు అడ్డం పట్టి కూర్చునేది.

రెండేళ్ల కిందట తల్లి వాకిట్లో పడినప్పుడు, ఇంటర్ చదివే జీవిత ఏడుస్తూనే ఫోన్లో వీడియో తీసింది. దాన్ని పట్టుకుని తల్లిని కడపలో శశికళ అనే డాక్టరు దగ్గరికి తీసుకుపోయింది. ఆమె వీడియో రెండుసార్లు చూసి, తలకు తీగలు అంటించి చేసే పరీక్ష చేయించింది.

"ఇది మూర్ఛ, తల్లీ. మెదడులో వచ్చేది. మాత్రలతో అదుపులో ఉంటుంది."

"మరి హిస్టీరియా అన్నారే?" అంది జీవిత.

"అది వేల ఏళ్లనాటి మాట. గర్భసంచి ఒళ్లంతా తిరుగుతూ ఆడవాళ్లను జబ్బుల పాలు చేస్తుందని పాతకాలం గ్రీకులు నమ్మేవాళ్లు. గర్భసంచికి వాళ్లు పెట్టుకున్న పేరులోంచే ఆ మాట వచ్చింది. జబ్బుల పేర్లుండే పెద్ద డాక్టర్ల పుస్తకంలోంచి దాన్ని తీసేసి నలభై ఏళ్లు దాటింది. మనవాళ్లే ఇంకా వదల్లేదు."

"నాకు తీసేసి పదేళ్లాయ గదమ్మా. లేనిది యాడ తిరుగుతాండాది?" అంది సంతోషమ్మ.

శశికళ ఆమె చెయ్యి పట్టుకుని, "నీకేమవుతోందని నిన్ను కూర్చోబెట్టి అడగాల్సినవాళ్లు అడగలేదు" అంది.

మొదట్లో మాత్రలకు తల తిరిగేది. ఒకసారి పడింది కూడా. మోతాదు మార్చాక ఏడాదిన్నరగా పడలేదు.

మొన్న యేసుప్రసాద్ తనే పూనుకుని చర్చిలో కృతజ్ఞత కూడిక పెట్టించాడు. సంతోషమ్మ సాక్ష్యం చెప్పడానికి లేచింది. దేవునికి స్తోత్రం చెప్పింది. డాక్టరమ్మకు, కూతురికి వందనాలు చెప్పింది. అంతలో చివరి చాప మీద ఒదిగి కూర్చున్న సుబ్బక్క కనబడింది. ఆమెది ఆ చర్చి కాదు, పిలిస్తే వచ్చింది.

"సుబ్బక్కా, గనికాడ కండ్లు తెరిసినప్పుడల్లా నీ మొగమే కనపడేది. ఎన్నోసార్లు పడినా గానీ, ఒక్కసారి గూడా ఒంటిగా లెయ్యలేదు."

సుబ్బక్క సిగ్గుపడి కళ్లు తుడుచుకుంది. "ఊరుకో సంతోషమ్మా, అన్నాలు సల్లారిపోతాండాయి."

యేసుప్రసాద్ లేచి వెళ్లి మొదటి విస్తరి సుబ్బక్క ముందు వేశాడు.