పోయొస్త

ఉన్న మాట ఉన్నట్టు అనడానికి ఈ జనానికేం రోగమో! పెళ్లిచూపుల్లో ఒకావిడ "మా అబ్బాయి నచ్చాడా అమ్మా?" అని అడిగితే, "జంతికలు నమిలే చప్పుడు భరించలేకపోతున్నానండీ" అన్నాను. అడిగింది కనకే చెప్పాను. పంజాగుట్టలో డాక్టరుగారు నాకు ఆటిజం అని తేల్చేనాటికి ముప్పై దాటాయి. "బయట అనకే, సంబంధాలు రావు" అంది అమ్మ. అంతకుముందు మాత్రం ఏం వచ్చి పడ్డాయి కనక!

అతను మా ఆఫీసు పై అంతస్తులో పనిచేసేవాడు. అమీర్‌పేట మెట్రో కింద చాయ్ బండి దగ్గర పరిచయం. హారన్లకు నేను చెవులు మూసుకుంటే నవ్వలేదు. రోడ్డు వైపుకి వచ్చి నాకు అడ్డంగా నిలబడ్డాడు. ఆ తర్వాత రోజూ అలాగే నిలబడేవాడు. "మాట్లాడకున్నా ఏం గాదు, జర చాయ్ తాగు" అనేవాడు. మాటలు అడగకుండా పక్కనుండే మనిషి నాకు అంతవరకూ దొరకలేదు. ప్రేమించాను. ఆ మాటే చెప్పాను. "నాకు సుత నువ్వంటే ఇష్టమే" అన్నాడు.

ఒక సాయంత్రం చాయ్ తాగకుండానే బయల్దేరాడు. "ఇంట్ల పెండ్లి ఖాయం చేసిండ్రు. నువ్వు ఫికర్ చెయ్యకు. పోయొస్త" అన్నాడు.

పోయి, ఆ పెళ్లి వద్దని చెప్పి, వస్తాడనుకున్నాను. ఫోనెత్తలేదు. ఉద్యోగం మానేశాడన్నారు. అయినా వానలో కూడా ఆ బండి దగ్గరే నిలబడ్డాను. చివరికి అమ్మ వెతుక్కుంటూ వచ్చింది.

"వస్తానన్నాడమ్మా."

ఏమన్నాడో మాట పొల్లుపోకుండా చెప్పించుకుని, నడిరోడ్డు మీదే నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. "పిచ్చితల్లీ, వెళ్తున్నానని అనకూడదు కాబట్టి అలా అంటారే. వస్తామని కాదు."

నాకు ఒళ్లు మండిపోయింది. చిన్నప్పటినుంచీ గుమ్మంలో ఆపి, "వెళ్తున్నా కాదు, వెళ్లొస్తా అను" అని అనిపించింది ఈవిడే కదా! అన్న ప్రతిసారీ నేను తిరిగొచ్చాను. అందరూ అంతే అనుకున్నాను.

మొన్న బోనాలకు బల్కంపేటలో కనబడ్డాడు, భార్యతో. డప్పులకు చెవులు మూసుకుని గోడవారగా ఉన్నాను. దగ్గరికొచ్చి, అలవాటు పోక, డప్పుల వైపు అడ్డంగా నిలబడ్డాడు.

"మంచిగున్నవా?"

"లేను" అన్నాను.

అవతల్నుంచి భార్య పిలిచింది. "పోయొస్త మరి" అన్నాడు.

దానికి ఏమని బదులివ్వాలో కూడా అమ్మ చిన్నప్పుడే నేర్పింది.

"పోయి రా" అన్నాను.

అందరూ మర్యాదకంటారట. నేను రమ్మనే అన్నాను.